ఎదుటివాడి ఫలం

ఫలం మీద ఆశ పెట్టుకోకుండా పని చెయ్యమంటుంది మన వేదాంతం. ఆ మాట మీద నాకు గౌరవం ఉంది. కానీ ఆ పని సేవ అయినప్పుడు, దాని ఫలం ఇంకొకరి అన్నం అయినప్పుడు, దాన్ని వదిలేసే అధికారం చేసేవాడికి ఎక్కడిది? ఈ ప్రశ్న మనసులోకి వచ్చినప్పుడల్లా నాకు క్రిస్టఫ్ వాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్ గుర్తుకొస్తాడు.

మా బాపు సిర్పూర్ పేపర్ మిల్లులో వెదురు దించే కూలి. మిల్లు 1942లో కాగితం తియ్యడం మొదలుపెట్టింది. వెదురు ఆదిలాబాద్ అడవులది. ఆ అడవుల్లో తరతరాలుగా బతికిన గోండులు, కొలాములు అప్పటికే పరాయివాళ్లయిపోతున్నారు. రిజర్వు ఫారెస్టు అని గీత గీసి, గీత లోపల పడ్డ చేన్లను, గూడేలను ఖాళీ చేయించారు. పోడు కొడితే జుర్మానా, పశువు మేస్తే జుర్మానా. మైదానం నుంచి వచ్చినవాళ్ల పేర్ల మీద మాత్రం పట్టాలు పుట్టాయి. గోండుల్లోంచి కొమురం భీం తిరగబడ్డాడు. 1940లో జోడేఘాట్‌లో నిజాం పోలీసులు ఆయన్ను కాల్చి చంపారు.

ఆ తిరుగుబాటు ఎందుకు వచ్చిందో కనుక్కోమని నిజాం ప్రభుత్వం హైమన్‌డార్ఫ్‌ను అడిగింది. ఆయన 1909లో వియన్నాలో పుట్టిన మానవ శాస్త్రవేత్త. మనుషులను రక్తాన్ని బట్టి ఎక్కువ తక్కువలుగా పేర్చే సిద్ధాంతం యూరప్‌ను తగలబెడుతున్న రోజులవి. యుద్ధం రాగానే ఇక్కడి బ్రిటిష్ వాళ్లకు ఆయన శత్రుదేశపు పౌరుడయ్యాడు, హైదరాబాద్ రాజ్యం దాటి పోకుండా కట్టడి చేశారు. అలాంటివాడు భార్య బెట్టీ ఎలిజబెత్‌తో మార్లవాయి గూడెంలో కాపురం పెట్టి, గోండులతో కూర్చుని, గొడవకు మూలం భూమి అని తేల్చాడు. 1943లో అక్కడే గోండు యువకులకు పంతుళ్ల శిక్షణ మొదలైంది. వేల కుటుంబాలకు పట్టాలు దక్కాయి. కేస్లాపూర్‌లో, పుష్య అమావాస్యకు మెస్రం వంశంవాళ్లు గోదావరి జలం తెచ్చి పూజ చేసే నాగోబా జాతరలో, గిరిజనుల మొర వినే దర్బారు కూడా ఆ దశకంలో ఆయన చొరవతో మొదలైనదే. దేవుని ముందరే సర్కారును నిలబెట్టి అడగడం, నాకు తెలిసినంతలో, ఆ జాతరకు దక్కిన గొప్ప గౌరవం.

ఆయన నిజాం మనిషేనని, రెండో జోడేఘాట్ రాకుండా సర్కారు పంపిన మనిషని కొందరంటారు. అందులో అబద్ధం లేదు. ముందు భీం రక్తం, తర్వాతే పట్టా కాగితం. ఆ వరుస మార్చి చెప్పేవాళ్లను నేను నమ్మను.

హైమన్‌డార్ఫ్ 1967లో 'మోరల్స్ అండ్ మెరిట్' అని పుస్తకం రాశాడు. దక్షిణాసియాలో ఒక్కో సమాజం మంచిచెడ్డలను ఎట్లా చూస్తుందో అందులో పోల్చాడు. మన ఊళ్లలో దానం చేస్తే పుణ్యం ఖాతాలో పడుతుంది, పరలోకంలో పనికొస్తుంది. గోండు గూడెంలో లెక్క వేరు. నాలుగు, ఐదు, ఆరు, ఏడు దేవతల సగలుగా, అంటే వంశాల కూటములుగా, వాళ్లు విడిపోయి ఉంటారు. ఒక సగ ఇంట పెళ్లయినా చావయినా ఇంకో సగవాళ్లు రావాలి, తమ వంతు పని చెయ్యాలి. అక్కడ చెయ్యడమంటే బాకీ తీర్చడం. బాకీ తీర్చేవాడు ఎదుటివాడి చేతికి ముట్టిందో లేదో చూడకుండా ఎట్లా వెళ్లిపోతాడు?

హైమన్‌డార్ఫ్ చూశాడు. లండన్ విశ్వవిద్యాలయంలో ఆచార్యుడిగా పేరు సంపాదించి, ముసలితనంలో మళ్లీ ఈ గూడేలకు వచ్చాడు. తన కాలంలో ఇప్పించిన భూములు రోడ్ల వెంట వచ్చిన వలసల కింద, షావుకారి అప్పుల కింద ఎట్లా జారిపోయాయో చూసి, 'ట్రైబ్స్ ఆఫ్ ఇండియా: ది స్ట్రగుల్ ఫర్ సర్వైవల్' అనే పుస్తకంలో రాశాడు. అది 1982లో వచ్చింది. గిరిజనేతరుల చేతికి భూమి పోకుండా 1970లో తెచ్చిన ఒకటి బై డెబ్బై చట్టం ఉండగానే అదంతా జరిగింది. ఆ పుస్తకం రావడానికి ముందు ఏడాది, 1981 ఏప్రిల్ 20న, ఇంద్రవెల్లిలో గోండుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. సర్కారు లెక్కలో మృతులు 13 మంది, జనం లెక్కలో ఎన్నో రెట్లు. తాను కట్టింది కూలిపోయిందని తన పేరుతోనే అచ్చు వెయ్యడానికి గుండె కావాలి. పట్టాల కంటే ఆ పుస్తకమే ఆయన చేసిన పెద్ద సేవ అని నా నమ్మకం.

మా గూడేల వైపు ఒక గోండు పెద్దమనిషి నాతో అన్నాడు: "పట్టా పెట్టెల ఉన్నది సార్, చేను మాత్రం వేరేటోళ్ల చేతుల ఉన్నది." ఆ మనిషికి నిష్కామ కర్మ గురించి చెప్పడానికి నాకు నోరు రాలేదు. 2014లో మా మిల్లు మూతపడింది. 2018లో మళ్లీ తెరిచేదాకా మా వాడకట్టులో ఎన్ని పొయ్యిలు ఆరిపోయాయో మాకు తెలుసు. ఫలం మీద ఆశ వద్దని అప్పుడెవరైనా మాకు చెప్పి ఉంటే ఊరుకునేవాళ్లం కాదు. నా పేరు, నా పుణ్యం, నాకు వెయ్యవలసిన దండ, వీటిని నేను వదులుకోవచ్చు. వదులుకోవాలి కూడా. ఎదుటివాడి చేను నాది కాదు, దాని మీద వైరాగ్యం చూపించే హక్కు నాకు లేదు.

బెట్టీ 1987లో హైదరాబాద్‌లో చనిపోతే మార్లవాయిలోనే సమాధి చేశారు. 1995లో లండన్‌లో పోయిన హైమన్‌డార్ఫ్‌కూ ఆమె పక్కనే సమాధి ఉంది. ఏటా జనవరి 11న గోండులు అక్కడ ఇద్దరికీ నివాళి అర్పిస్తారు. సోషల్ వర్క్ చదువుతూ ప్రాజెక్టుల కోసం మా జిల్లాకు వచ్చే పిల్లలారా, మీరూ మార్లవాయి వెళ్లండి, దండం పెట్టుకోండి. మీరు సర్వే చేసిన గూడేనికి పదేళ్లకైనా మళ్లీ రండి. చేను ఎవరు దున్నుతున్నారో, బడి తలుపు తెరిచి ఉందో లేదో మీ కళ్లతో చూసి, ఉన్నది ఉన్నట్టు రాయండి.