గెలిచిననాటి ప్రార్థన, ఓడిననాటి ప్రార్థన

వాక్యభాగము: అపొస్తలుల కార్యములు 12:1-11, హెబ్రీయులకు 11:33-38



అమెరికా దేశమున కెంటకీ రాష్ట్రములో డాన్విల్ అను చిన్న ఊరు కలదు. అచ్చట ప్రెస్బిటేరియన్ పెద్దలు 1819లో స్థాపించిన సెంటర్ కాలేజీ యున్నది. నూరేండ్ల క్రిందట అందులో చదువుకొనిన విద్యార్థులు 300 మందియైనను లేరు. అయినను ఆ దేశమంతటను వారి పేరు మారుమ్రోగినది. చదువువలన కాదు, ఆటవలన.

వారి ఫుట్‌బాల్ మన పిల్లలు కాలితో తన్ను బంతియాట కాదు. కోడిగ్రుడ్డు ఆకారముగల తోలుబంతిని చంకనబెట్టుకొని పరుగెత్తి ఎదుటివారి గీత దాటవలెను. దాటినయెడల ఆరు పాయింట్లు. దాటనీయకుండ ఎదుటి పక్షపు పదునొకండుగురు మీదపడి పట్టుకొందురు. మన చెడుగుడు ఎరిగినవారికి ఇది తేలికగానే తెలియును. దెబ్బలు మాత్రము అందులో మరి యెక్కువ.

ఈ జట్టువారు ఆటకు ముందు కూడి ప్రార్థించెడివారు. అందుచేత లోకులు వారికి 'ప్రేయింగ్ కర్నల్స్', అనగా ప్రార్థించు కర్నళ్లు అని పేరు పెట్టిరి. వారికి ఆట నేర్పినవాడు చార్లీ మోరాన్. ఇతడు బేస్‌బాల్ ఆటలో పేరుపొందిన అంపైరు కూడ. ఒకచోట తీర్పరిగా నిలువబడువాడు మరియొకచోట పక్షము వహించుట సులభమైన సంగతి కాదు. ఆ మాట అటుంచుదము.

1920లో వీరు బోస్టన్ నగరమునకు పోయి హార్వర్డు విశ్వవిద్యాలయపు జట్టుతో ఆడి 31-14 లెక్కన ఓడిరి. ఆట ముగిసిన పిమ్మట హార్వర్డు నాయకుడు మర్యాదకొరకు ఆ బంతిని బో మెక్‌మిలన్ అను వీరి ఆటగానికి ఇయ్యబోయెననియు, అతడు పుచ్చుకొనక, మరుసటి యేట వచ్చి గెలిచి తీసికొనిపోదుమని చెప్పెననియు చెప్పుదురు.

అట్లే 1921 అక్టోబరు 29న మరల పోయిరి. 40,000కు పైగా జనము చూచుచుండెను. సగము ఆట గడచువరకు ఎవరికిని ఒక్క పాయింటు రాలేదు. మూడవ భాగములో మెక్‌మిలన్ బంతి పుచ్చుకొని 32 గజములు పరుగెత్తి, పట్టవచ్చినవారిని తప్పించుకొని గీత దాటెను. ఆరు పాయింట్లు. తరువాత హార్వర్డువారు ఎంత పోరాడినను వీరు గీత దాటనీయలేదు. సెంటరు 6, హార్వర్డు 0! డాన్విల్‌లో ఆ లెక్కను రసాయన శాస్త్రపు గుర్తువలె 'సి6హెచ్0' అని గోడలమీద రంగుతో వ్రాసిరి. 1950లో ఆ దేశపు పత్రికా విలేఖరులు, ఆ అర్ధ శతాబ్దములో ఎవరును ఊహింపని గెలుపులలో దీనిని మొదటిదిగా ఎంచిరి.

ఇచ్చట ఆపివేసినయెడల మంచి ప్రసంగమే యగును. చిన్నవారు ప్రార్థించిరి, పెద్దవారిని పడగొట్టిరి, దావీదు గొల్యాతుల కథ మరల జరిగెను అని చెప్పి ఆమేన్ అనవచ్చును. కాని ఆ యేటి ఆటలు ఇంకను ముగియలేదు.

1922 జనవరి 2న టెక్సాస్ రాష్ట్రములోని డల్లాస్ నగరమున వారికి ఆఖరి ఆట. ఎదుటివారు టెక్సాస్ ఏ అండ్ ఎం కాలేజీవారు. పూర్వము మోరాన్ తానే ఆ కాలేజీ జట్టుకు ఆట నేర్పియుండెను. ఆ దినమున ఏ అండ్ ఎం వారిలో అనేకులు దెబ్బలు తిన్నందున మనుష్యులు చాలరేమో అని భయపడి, చూడవచ్చినవారిలోనుండి కింగ్ గిల్ అను విద్యార్థిని పిలిచి ఆట దుస్తులు తొడిగించిరి. అతనికి ఆడవలసిన అవసరమే రాలేదు. చివరివరకు సిద్ధముగా నిలిచియుండెను. ఏ అండ్ ఎం వారు 22-14 లెక్కన గెలిచిరి. ప్రార్థించు కర్నళ్లు ఓడిరి. పదునొకండు ఆటలలో పది గెలిచినవారు పదునొకండవది పోగొట్టుకొని ఇంటికి పోయిరి.

అదే జట్టు, అదే గురువు, అదే దేవుడు. బోస్టన్‌లో ప్రార్థన ఆలకించిన ప్రభువు డల్లాస్‌లో చెవులు మూసికొనెనా? 1920లో 31-14 లెక్కన ఓడిననాడు వారి విశ్వాసము తక్కువై, మరుసటి యేట ఎక్కువాయెనా? అట్లు చెప్పువాడు ప్రార్థనను సంతలో బేరముగా చేయుచున్నాడు.

కార్యముల గ్రంథము 12వ అధ్యాయము చూడుడి. హేరోదు యాకోబును కత్తితో చంపించెను. పేతురును చెరలో వేయించెను. సంఘము ప్రార్థింపగా దూత వచ్చి పేతురును విడిపించెను. యాకోబు కొరకు మాత్రము సంఘము మోకాళ్లూనలేదా? అతనికి తల్లి లేదా, తమ్ముడు యోహాను లేడా? వారు ఏడ్చి ప్రార్థింపలేదని నేను నమ్మజాలను. హెబ్రీ పత్రిక 11వ అధ్యాయములో విశ్వాసమువలన ఖడ్గము తప్పించుకొనినవారును ఉన్నారు, ఖడ్గముచేత హతులైనవారును ఉన్నారు. ఇరువురును ఒక్క జాబితాలోనే ఉన్నారు. గ్రంథకర్త వారిని వేరుపరచలేదు, మనమే వేరుపరచుచున్నాము.

ఎట్లందురా? సాక్ష్యముల సమయమున ముందుకు వచ్చువారెవరు? పరీక్ష ప్యాసైన పిల్లవాని తండ్రి. జ్వరము విడిచిన బిడ్డ తల్లి. వారు రావలసినదే, స్తోత్రము చెల్లింపవలసినదే. అయితే బిడ్డను మట్టికి అప్పగించిన తల్లి గుడిలో వెనుక చాపమీద కూర్చుండి ఆ సాక్ష్యములు వినుచున్నది. ఆమెయు ఉపవాసముండెను, ఆమెయు రాత్రులు మేలుకొనెను. ఇంటికి పోవు దారిలో ఎవరో, ఆమెకు విశ్వాసము చాలలేదు అని గొణుగుదురు. ఆ మాట ఆమె చెవిని పడును. ఇట్టి మాట పలుకువాడు యోబు స్నేహితుల వరుసలో నిలుచుచున్నాడు. దేవుడు యోబుమీద కాదు, ఆ స్నేహితులమీద కోపగించెనని మరువకుడి.

డాన్విల్‌లో ఒక గోడమీద ఆ 'సి6హెచ్0' గుర్తు నేటికిని ఉన్నది. డల్లాస్ లెక్కను ఎవరు వ్రాయుదురు? ఊరివారిని తప్పుపట్టుట లేదు. ఆటలో అది సహజము. సంఘము గోడ అట్లుండరాదు. గెత్సేమనే తోటలో ప్రభువు అడిగిన గిన్నె తొలగింపబడలేదు. తండ్రి ఆలకింపలేదని మనలో ఎవరు చెప్పగలరు?

ఈ సంగతి సంఘ పెద్దలతో మాట్లాడితిని. వారు సమ్మతించిరి. ఈ కోతపండుగనాడు పంట చేతికి వచ్చినవారితో పాటు, తెగులువలననో వానలు లేకనో పంట పోయిన కుటుంబములవారును కానుక పళ్లెములు పట్టుకొని ముందు వరుసలో నడుతురు. ఇష్టమైనవారు సాక్ష్యము చెప్పవచ్చును. మాట రానివారు ఊరక నిలుచుండవచ్చును. సంఘమంతయు లేచి వారితో నిలుచుండును.