అతని పరుగులు, ఆమె పాదం

2015 మార్చి 26, సిడ్నీ. ప్రపంచ కప్ సెమీఫైనల్లో విరాట్ కోహ్లీ 13 బంతులాడి ఒక్క పరుగుకే అవుటయ్యాడు. భారత్ 95 పరుగుల తేడాతో ఓడిపోయింది. తిట్లు మాత్రం ప్రేక్షకుల మధ్య కూర్చుని ఆట చూసిన అనుష్కా శర్మకి వచ్చాయి. బ్యాటు పట్టని మనిషి ఓటమికి బాధ్యురాలెలా అయింది? ఇది క్రికెట్‌కి సంబంధించిన ప్రశ్న కాదు, నీతికి సంబంధించిన ప్రశ్న.

ఒక పనికి ఎవరినైనా బాధ్యుల్ని చేయాలంటే వాళ్ళు ఆ పని చేసి ఉండాలి, లేదా ఆపగలిగి ఉండీ ఆపకపోయి ఉండాలి. శకునానికి ఈ నియమం లేదు. పిల్లి ఏమీ చేయదు, ఎదురొస్తుంది, అంతే. పితృస్వామ్యం స్త్రీని ఆ పిల్లి స్థానంలోనే నిలబెట్టింది. మా బంధువుల్లో ఒకమ్మాయి కాపురానికెళ్ళిన నెలలోనే భర్తకి వ్యాపారంలో నష్టమొచ్చింది. లెక్కల పుస్తకం ఎవరూ తెరవలేదు. "కాలు పెట్టిన వేళ అలాంటిది" అనేశారు.

2014 ఇంగ్లండ్ పర్యటనలో కోహ్లీ అయిదు టెస్టుల్లో 134 పరుగులే చేశాడు. ఆఫ్ స్టంప్ బయట స్వింగయ్యే బంతి అతన్ని పదేపదే దెబ్బతీసింది. అప్పుడూ నింద ఆమెదే. 2017 డిసెంబర్‌లో వాళ్ళ పెళ్ళయింది. 2018లో అదే ఇంగ్లండ్‌లో అతను 593 పరుగులు చేశాడు. ఇప్పుడు ఆమెని లక్ష్మి అందామా? అన్నా అన్యాయమే. 134 ఆమెవి కానట్టే 593 కూడా ఆమెవి కావు. ఆ పొగడ్తా ఈ తిట్టూ ఒకే నమ్మకంలోంచి పుట్టినవి.

మరి భార్య తోడు, ఆమె శ్రమ లెక్కలోకి రావద్దా అని మనలో కొందరు అడగవచ్చు. తప్పకుండా రావాలి. కానీ శ్రమ వేరు, శకునం వేరు. శ్రమ చేసే మనిషికి ఇష్టం ఉంటుంది, అలసట ఉంటుంది, కాదనే హక్కు ఉంటుంది. శకునానికి ఇవేవీ ఉండవు.

2016 మార్చిలో కోహ్లీ ఆమె తరఫున గట్టిగా మాట్లాడాడు. ఆమెని తిట్టేవాళ్ళు సిగ్గుపడాలన్నాడు, ఆమె తనకెప్పుడూ మంచి ఉత్సాహమే ఇచ్చిందన్నాడు. ఆ మాటని గౌరవిస్తాను. అయినా నాకొక సందేహం మిగిలింది. ఉత్సాహం ఇవ్వకపోతే? అతనికి ఉపయోగపడితేనే ఆమెకి తిట్ల నుంచి విముక్తా?

ఆ సెమీఫైనల్‌కి 13 రోజుల ముందే ఆమె నటించి, నిర్మాణంలో భాగం పంచుకున్న 'ఎన్‌హెచ్ 10' విడుదలైంది. పరువు హత్య చేసినవాళ్ళని ఎదిరించి నిలిచిన స్త్రీ కథ అది. నిజంగా ఆమె బాధ్యత వహించాల్సిన పని ఏదైనా ఉంటే అది ఆ సినిమా. బాగుందనండి, బాగాలేదనండి, ఆ విమర్శ ఆమెకి చెందుతుంది. తిట్టినవాళ్ళకి ఆ పని కనబడనేలేదు.

2021లో టీ20 ప్రపంచ కప్ ఓటముల సమయంలో వాళ్ళ పది నెలల కూతురిపై అత్యాచారం చేస్తామనే బెదిరింపు కూడా వచ్చింది. తండ్రి మీద కోపం తీర్చుకోవడానికి ఆడపిల్ల శరీరం! శకునం నుంచి ఇక్కడికి దూరం ఎంతో లేదు.

డబ్బూ పేరూ ఉన్న నటి గురించి మనకెందుకు అనేవాళ్ళున్నారు. ఆమెకి జవాబివ్వడానికి వేదికలున్నాయి, నిజమే. మా బంధువులమ్మాయికి వంటింటి గోడలే ఉన్నాయి. కానీ దేశమంతా వినేలా ఆమెని అనగలిగిన మాటని, వసారాలో ఈమెని అనడానికి ఎవరు జంకుతారు?