రాబందు లేని ఆకాశం



ఎవరూ తలపెట్టని కీడు జరిగిపోతే ఆ భారం ఎవరిది? మన దేశంలో రాబందుల కథ ఈ ప్రశ్నను మన ముందుంచుతుంది.

ఒకప్పుడు పశువు చనిపోతే ఊరి బయట పడవేసేవారు. రాబందుల గుంపు దిగి, కొద్ది గంటల్లో ఎముకలు మాత్రం మిగిల్చేది. ఆ పక్షిని ఎవరూ ముద్దు చేయలేదు. అత్యాశపరుణ్ణి తిట్టడానికి దాని పేరు వాడుకున్నాము. అటువంటిది 1992 నుండి 2007 లోపల తెల్లవీపు రాబందులు సుమారు వెయ్యింటికి ఒకటి చొప్పున మాత్రమే మిగిలాయి.

కారణం 2004లో బయటపడింది. అది డైక్లోఫెనాక్ అనే నొప్పి మందు. కుంటుతున్న ఎద్దును చూసి జాలిపడి రైతు వేయించిన సూది అది. ఆ ఎద్దు చనిపోతే, మాంసంలో మిగిలిన మందు రాబందు మూత్రపిండాలను పాడుచేసింది. ఏడాదికి ఒక్క గుడ్డు పెట్టే పక్షి ఆ నష్టాన్ని పూడ్చుకోలేకపోయింది. కళేబరాలు కుళ్ళిపోయాయి. వాటిమీద ఊరకుక్కలు పెరిగాయి.

ఆ రైతును దోషి అనగలమా? అనలేము. అతడు చేసినది దయగల పని. కాని కథ అక్కడితో ముగియలేదు. 2006లో ప్రభుత్వం పశువులకు ఆ మందును నిషేధించింది. రాబందులకు హాని చేయని మెలాక్సికామ్ అందుబాటులో ఉన్నది. అయినా మనుషుల కోసం తయారైన డైక్లోఫెనాక్‌ను పెద్ద సీసాలలో కొని పశువులకు వాడుతూ వచ్చారు. 2015లో ఆ పెద్ద సీసాలను కూడ నిషేధించవలసి వచ్చింది. రెండు కాలాలలోను మందు ఒక్కటే. మొదట వేసినది తెలియక, తరువాత వేసినది తెలిసి.

ఆత్మశోధన చేసుకునేటప్పుడు మనం కావాలని చేసిన కీడునే వెదుకుతాము. నా వలన ఏమి జరుగుతున్నదో తెలిసిన తరువాత కూడ దేనిని మానలేదు అని కూడ అడుగుకోవాలి. చెరువులోకి వదిలే మురుగుకైనా, పైరుకు కొట్టే పురుగుమందుకైనా ఈ ప్రశ్న వర్తిస్తుంది. లేకపోతే నష్టం మెల్లగా అలవాటైపోతుంది. నేటి పిల్లలకు రాబందు లేని ఆకాశమే మామూలు ఆకాశం.

అయినా అంతా పోలేదు. 2013లో తెలంగాణలోని బెజ్జూరు అడవిలో, పాలరాపు గుట్టమీద పొడవుముక్కు రాబందులు గూళ్ళు కట్టుకుని కనిపించాయి. మిగిలినవాటిని కాపాడడం మన చేతుల్లో ఉన్నది. ఈసారి మీ పశువుకు సూది వేయించేటప్పుడు అది ఏ మందో డాక్టరును అడగండి.