ర్యాంకు పోతే పోయేదేమిటి?

పదిమందిలో తనకంటూ ఒక స్థానం ఉండాలని మనిషి కోరుకుంటాడు. ఇది అతని స్వభావంలోనే ఉంది. ఈ కోరికే విద్యార్థి చేత పుస్తకం పట్టిస్తుంది, పనివానికి నేర్పు నేర్పుతుంది. కాబట్టి దీన్ని మొత్తంగా తప్పుపట్టవలసిన అవసరం లేదు. అయితే దక్కిన స్థానం ఎక్కడ చేజారిపోతుందోనన్న భయం మనసులో ప్రవేశించిన నాటి నుంచి ఈ కోరిక రంగు మారుతుంది. సంపాదించేటప్పుడు నిజాయితీగా ఉన్నవాడు కూడా కాపాడుకునేటప్పుడు దారి తప్పే ప్రమాదం ఉంది.

ఈనాడు ఈ భయం సెల్‌ఫోను ద్వారా, కంప్యూటరు ద్వారా మన ఇళ్ళల్లోకి వచ్చింది. బీజీఎంఐ, వాలరెంట్, కౌంటర్ స్ట్రైక్ వంటి తుపాకీ ఆటల్లో ఆటగాళ్ళకు ర్యాంకులుంటాయి. బీజీఎంఐలో బ్రాంజ్, సిల్వర్, గోల్డ్, ప్లాటినం, డైమండ్, క్రౌన్, ఏస్ అంటూ మెట్లుంటాయి. అన్నిటికంటే పైన ఉండే కాంకరర్ స్థానం మొదటి 500 మందికే దక్కుతుంది. వాలరెంట్‌లో ఐరన్ నుంచి రేడియంట్ దాకా 9 అంచెలున్నాయి. గెలిస్తే పాయింట్లు పెరుగుతాయి, ఓడితే తరుగుతాయి. నెలల తరబడి ఎక్కిన మెట్టు నుంచి ఒక్క రాత్రిలో జారిపోయిన కుర్రవాడు మరుసటి రోజు అన్నం సరిగా తినడు, తమ్ముడి మీద విసుక్కుంటాడు. పెద్దలకు ఇది నవ్వులాటగా కనిపించవచ్చు. ఆ కుర్రవాడి బాధ మాత్రం నిజమైనదే.

ఇలాంటి ఆటలు ఆడవచ్చా, ఆడకూడదా అన్నది వేరే చర్చ. దానికి పండితుల అభిప్రాయాలు తెలుసుకోవాలి. ఇక్కడ మేము చర్చించదలచిన ప్రశ్న ఒక్కటే. ర్యాంకు పోయినవాడు నిజంగా ఏం పోగొట్టుకున్నాడు? దాన్ని నిలబెట్టుకునే ప్రయత్నంలో ఏం పోగొట్టుకోకుండా జాగ్రత్తపడాలి?

ర్యాంకు ఒక తక్కెడ

ముందుగా ర్యాంకు అంటే ఏమిటో తెలుసుకుందాం. ఈ లెక్కలకు మూలం చదరంగంలో ఉంది. హంగరీలో పుట్టి అమెరికాలో స్థిరపడిన భౌతికశాస్త్ర ఆచార్యుడు అర్పాద్ ఎలో ఆటగాళ్ళ బలాన్ని అంకెల్లో కొలిచే ఒక పద్ధతిని రూపొందించాడు. 1960లో అమెరికా చదరంగ సమాఖ్య, 1970లో అంతర్జాతీయ చదరంగ సమాఖ్య దాన్ని స్వీకరించాయి. ఆ పద్ధతి ప్రకారం సమాన బలం గల ఇద్దరు తలపడితే ఇద్దరికీ చెరిసగం అవకాశం. ఇద్దరి మధ్య 400 పాయింట్ల తేడా ఉంటే బలవంతునికి 11 పాళ్ళలో 10 పాళ్ళు అవకాశం. బలహీనుణ్ణి ఓడించిన బలవంతునికి కొద్దిగానే పాయింట్లు వస్తాయి. బలవంతుణ్ణి ఓడించిన బలహీనునికి ఎక్కువ వస్తాయి.

2005లో మైక్రోసాఫ్ట్ సంస్థ తన ఎక్స్‌బాక్స్ ఆటల కోసం ట్రూస్కిల్ అనే పద్ధతిని ప్రవేశపెట్టింది. అందులో ప్రతి ఆటగానికీ రెండు అంకెలుంటాయి. ఒకటి అతని నైపుణ్యం ఎంత అన్న అంచనా. రెండోది ఆ అంచనాలో ఎంత అనిశ్చితి ఉందన్న లెక్క. అంటే మనిషిని కొలిచే ఆ యంత్రమే 'నా కొలత సందేహాస్పదం' అని రాసి పెట్టుకుంటుందన్నమాట! యంత్రం అంచనా అని చెప్పినదాన్ని ఆడేవాడు తన పరువుగా భావించి కుమిలిపోతున్నాడు.

ఇందులో గమనించవలసిన మరో విషయం ఉంది. ఈ లెక్కల ముఖ్య ఉద్దేశ్యం సమ ఉజ్జీలను ఎదురెదురుగా నిలపడం. సమ ఉజ్జీల పోరులో ఎవరైనా సుమారు సగం సార్లు ఓడిపోవలసిందే. కాబట్టి ఓటమి వచ్చిందంటే చాలాసార్లు అర్థం తక్కెడ సరిగా పనిచేస్తోందని! ఎన్నడూ ఓడకూడదు, ఎన్నడూ దిగకూడదు అని పట్టుబట్టేవాడు నిజానికి తక్కెడ తనకోసం తప్పు తూగాలని కోరుకుంటున్నాడు.

తక్కెడను మోసగించేవారు

కోరికతో ఆగకుండా తక్కెడను నిజంగానే వంచేవారు కూడా ఉన్నారు. కొందరు తమ ఐడీని, పాస్‌వర్డును బాగా ఆడే మరొకరికి అప్పగించి, డబ్బిచ్చి ర్యాంకు పెంచుకుంటారు. దీన్ని బూస్టింగ్ అంటారు. కొందరు పై స్థాయిలో ఉండి కూడా కొత్త ఐడీ తెరిచి, కొత్తగా నేర్చుకుంటున్న పిల్లల మధ్య చేరి వారిని చిత్తుగా ఓడిస్తారు. దీనికి స్మర్ఫింగ్ అని పేరు. మరికొందరు గోడల వెనక ఉన్న ప్రత్యర్థి కనిపించేలా, తుపాకీ గురి దానంతటదే కుదిరేలా హ్యాకులు వాడతారు.

"ఇదంతా ఆటే కదా, దీనివల్ల ఎవరికి నష్టం?" అని యువకులు అడుగుతుంటారు. న్యాయమైన ప్రశ్నే. నిదానంగా ఆలోచిద్దాం. కొనుక్కున్న ర్యాంకుతో వాలరెంట్‌లోకి దిగినవాణ్ణి చూడండి. అక్కడ జట్టుకు ఐదుగురు. ఇతని బలాన్ని నమ్మి యంత్రం మరో నలుగురిని ఇతనితో జతకట్టింది. ఇతనికి ఆ బలం లేదు. ఆ నలుగురి సమయం, శ్రమ, పాయింట్లు ఇతని అబద్ధానికి మూల్యంగా పోతాయి. ఎదుటి జట్టుకు దక్కిన గెలుపు కూడా వట్టిదే. స్మర్ఫింగ్ చేసేవాడు దీనికి తలకిందులైన పని చేస్తాడు. తన బరువును తగ్గించి చూపి, పసివారి ఓటమితో తన ఆనందాన్ని కొనుక్కుంటాడు. ఒకడు లేని బరువు చూపాడు, మరొకడు ఉన్న బరువు దాచాడు. మోసపోయినవారు మాత్రం ఇద్దరి విషయంలోనూ ఉన్నారు.

కొలతల్లో, తూకాల్లో మోసగించేవారిని దివ్య ఖుర్ఆన్‌లోని 83వ సూరా ఎంత తీవ్రంగా హెచ్చరించిందో మనకు తెలుసు. ఆ సూరా పేరే అల్ ముతఫ్ఫిఫీన్. అంగడిలో బియ్యం తూచేటప్పుడు మాత్రమే ఆ హెచ్చరిక వర్తిస్తుందని అనుకోవడం పొరపాటు. ఒకరి నమ్మకం మీద నిలిచిన కొలత ఎక్కడ ఉన్నా అక్కడ నిజాయితీ తప్పనిసరి. తెర మీది తక్కెడలో చేయి వణకకుండా మోసం చేయడం అలవాటైన యువకుని చేయి రేపు దుకాణంలో, కార్యాలయంలో, కోర్టు సాక్ష్యంలో వణుకుతుందని ఏ నమ్మకం?

వీటిలో ఏదీ చేయని ఆటగానికి కూడా ఒక పరీక్ష ఉంది. ఓటమి ఎదురైనప్పుడు అతని నాలుక ఏం పలుకుతుంది? తోటి ఆటగాణ్ణి, అతని తల్లిని, అతని ప్రాంతాన్ని, అతని మతాన్ని దూషించడం ఈ ఆటల్లో సాధారణమైపోయింది. ముఖం కనిపించదు కాబట్టి మాటకు జవాబుదారీతనం లేదని భ్రమ. మాటను నమోదు చేసే దూతలున్నారని నమ్మే విశ్వాసికి ఆ భ్రమ తగదు. 20 పాయింట్లు దక్కాయా, పోయాయా అన్నది మరుసటి వారానికి గుర్తుండదు. అన్న మాట మాత్రం లెక్కలో ఉండిపోతుంది.

అద్‌బా ఓడిన రోజు

ఈ సందర్భంలో హజ్రత్ అనస్ (రజి) ఉల్లేఖించిన ఒక సంఘటనను మననం చేసుకుందాం. దైవప్రవక్త (స) వద్ద అద్‌బా అనే ఒంటె ఉండేది. పరుగులో దాన్ని దాటిన ఒంటె లేదు. ఒకసారి ఎడారి పల్లె నుంచి వచ్చిన ఒక వ్యక్తి లేత వయసు ఒంటె మీద వచ్చి అద్‌బాను దాటిపోయాడు. సహాబీలకు ఇది ఎంతో బాధ కలిగించింది. వారి ముఖాల్లో ఆ బాధను ఆయన (స) గమనించారు. ఈ లోకంలో పైకెత్తిన ప్రతిదాన్నీ ఒకనాడు కిందికి దించడం అల్లాహ్ నియమమని వారికి బోధించారు.

ఈ సంఘటనలో మూడు విషయాలు గమనార్హం. మొదటిది, పందెం జరిగింది, పరుగు తీశారు. పోటీపడటాన్ని ఆయన (స) తప్పుపట్టలేదు. రెండవది, అనుచరుల బాధను ఆయన అపహాస్యం చేయలేదు. ఒంటె ఓడితే ఏడుపెందుకని కసురుకోలేదు. మూడవది, ఓడించిన ఆ పల్లెవాసిని తప్పుపట్టలేదు, మళ్ళీ పందెం పెట్టమనలేదు. దిగడం కూడా సృష్టి ధర్మమేనని మనసులకు నచ్చజెప్పారు. హజ్రత్ ఆయిషా (రజి)తో పరుగు పందెంలో ఒకసారి ఓడి, కొంతకాలానికి గెలిచినప్పుడు, ఆ గెలుపును పాత ఓటమికి చెల్లుగా సరదాగా లెక్కగట్టింది కూడా ఆయనే (స).

హజ్రత్ ఖాలిద్ బిన్ వలీద్ (రజి) ఉదంతం మరొకటి. అది ఆట కాదు, నిజమైన యుద్ధరంగం. క్రీ.శ. 634లో ఖలీఫా అయిన హజ్రత్ ఉమర్ (రజి) ఆయన్ని సిరియా సేనల ప్రధాన నాయకత్వం నుంచి తప్పించి, ఆ బాధ్యతను హజ్రత్ అబూ ఉబైదా (రజి)కు అప్పగించారు. నిన్నటి సేనాధిపతి నేడు మరొకరి ఆజ్ఞకు లోబడి అదే సేనలో కత్తి పట్టారు. పదవి పోయింది గానీ నేర్పు, విధేయత, గౌరవం పోలేదు. పదవితో పాటు పోయేది ఏదైనా ఉంటే, అది మొదటి నుంచీ ఆయనది కానిదే.

ఎవరి చేతిలో ఉంది?

ఆట ర్యాంకు నిజంగా ఆటగాని సొత్తా? 2020 సెప్టెంబరులో కేంద్ర ప్రభుత్వం పబ్జీ మొబైల్‌ను నిషేధించింది. అక్టోబరు 30న మన దేశంలో దాని సర్వర్లు ఆగిపోయాయి. ఆ రోజు కాంకరర్‌గా ఉన్నవానికీ, బ్రాంజ్‌లో ఉన్నవానికీ తేడా లేకుండా పోయింది. 2021 జులైలో బీజీఎంఐ వచ్చింది. 2022 జులైలో యాప్ స్టోర్ల నుంచి మాయమై, 2023 మే నెలలో తిరిగి వచ్చింది. నిషేధాల మాట అటుంచండి. కొత్త సీజన్ మొదలైతే చాలు, పై మెట్ల మీదున్నవారిని ఆటే కొంత కిందికి దింపుతుంది. ఎక్కినవాడు మళ్ళీ ఎక్కడానికి రావాలి కదా! ఇతరుల చేతిలో తాళం ఉన్న పెట్టెలో మనిషి తన పరువును దాచుకోవడం వివేకమేనా?

కాపాడుకోవలసినవి వేరే ఉన్నాయి. ఫజ్ర్ నమాజు ఉంది. కంటి నిద్ర ఉంది. తల్లికి ఇచ్చిన మాట ఉంది. ఆటపై అదుపు తప్పి, ఇతర పనులన్నిటికంటే ఆటే ముఖ్యమై, నష్టం కళ్ళకు కనిపిస్తున్నా మానలేని స్థితిని ప్రపంచ ఆరోగ్య సంస్థ ఒక రుగ్మతగా గుర్తించింది. 2022 జనవరి నుంచి అమలులో ఉన్న వ్యాధుల జాబితాలో దాన్ని చేర్చింది. ర్యాంకు నిలబెట్టుకుంటూ ఆ స్థితికి చేరినవాడు చిన్న పడవ కోసం పెద్ద ఓడను ముంచుకున్నట్టే.

ఇక్కడ యువకులకు ఒక ఆచరణాత్మకమైన సూచన. బీజీఎంఐలో పెద్ద మ్యాప్ మీద ఒక మ్యాచ్ చివరిదాకా ఆడితే సుమారు అరగంట పడుతుంది. మధ్యలో ఆపి, తర్వాత కొనసాగించే వీలు లేదు. మధ్యలో వదిలిపోతే జట్టులోని ముగ్గురికి నష్టం. వదలకపోతే జమాఅత్ తప్పిపోతుంది, లేదా తల్లి పిలుపు వృథా అవుతుంది. అందువల్ల నిర్ణయం మ్యాచ్ మొదలుకాక ముందే జరగాలి. అజాన్‌కు 20 నిమిషాలే ఉంటే ఆ మ్యాచ్ మొదలు పెట్టకండి. ఇటు స్రష్ట పట్ల, అటు తోటివారి పట్ల మాట నిలబడేది అప్పుడే.

పెద్దలకు ఒక మాట

ఇంటి పెద్దలు కూడా ఆలోచించాలి. ఒకప్పటి ఎంసెట్, నేటి ఈఏపీసెట్ ర్యాంకు వచ్చిన రోజున కొన్ని ఇళ్ళల్లో పండుగ, కొన్ని ఇళ్ళల్లో చావు మౌనం. ర్యాంకు తగ్గిన బిడ్డతో తండ్రి రోజుల తరబడి మాట్లాడడు. బంధువుల ముందు ఆ బిడ్డ పేరెత్తడు. అంకెను బట్టే మనిషి విలువ అన్న పాఠం ఆ బిడ్డ ఎక్కడ నేర్చుకున్నాడు? ఆ పాఠాన్నే అతడు ఫోనులోకి తీసుకెళ్ళాడు. అలాంటి బిడ్డ చేతి నుంచి ఫోను లాగేసుకున్నంత మాత్రాన పాఠం చెరిగిపోదు. ఓడి వచ్చిన రోజున కూడా విస్తరి ముందు అతని చోటు అతనికి ఉందని ఇల్లు చెప్పగలగాలి. అప్పుడే మోసం చేసి నెగ్గవలసిన అవసరం అతనికి కలగదు.

మనుషులు వేసే తూకాలన్నీ అంచనాలే. అవి నేడు ఎత్తుతాయి, రేపు దించుతాయి. అనిశ్చితి లేని తూకం ఒక్కటే ఉంది. ప్రళయదినాన నెలకొల్పబడే ఆ త్రాసులో ఎంత ఎత్తుకు ఎక్కామన్నది తూగదు. ఎక్కేటప్పుడు ఎవరిని తొక్కామో, దిగేటప్పుడు ఎలా దిగామో అది తూగుతుంది. గెలుపులో వినయాన్నీ, ఓటమిలో సహనాన్నీ, రెండింటిలోనూ నిజాయితీనీ అల్లాహ్ మనకూ, మన సంతానానికీ ప్రసాదించుగాక! ఆమీన్.