మారువేషం ఎవరిది?

సినిమాలు కుర్రవాళ్ళను చెడగొడుతున్నాయన్న ఫిర్యాదుకు తెలుగు టాకీకి ఉన్నంత వయస్సుంది. పదిహేనేళ్ళ పిల్లవాడు ఎవరినో ఒకరిని అనుకరించకుండా ఎదగడు. కనుక అనుకరణే నేరమనే వాదం నాకు సమ్మతం కాదు. ఏ మనిషిని అనుకరించమంటున్నారన్నదే అసలు ప్రశ్న.

‘సమరసింహారెడ్డి’ (1999) నాయకుడు వేరొక పేరుతో బీదకుటుంబంలో కొడుకుగా బతుకుతాడు. ‘ఇంద్ర’ (2002) నాయకుడు కాశీలో టాక్సీ నడుపుతాడు. సగం కథ గడిచాక తెలుస్తుంది, ఆ పేరూ ఆ బతుకూ మారువేషమని. అసలు మనిషి సీమలో పదిమందిని శాసించిన పెద్దింటి వారసుడని. హాలు ఈలలతో మారుమోగేది అప్పుడే.

నేలటిక్కెట్టులో ఈలవేసిన కుర్రవాడి తండ్రి నిజంగానే టాక్సీ నడుపుతాడు. ఆయనకు మరో ఊళ్ళో దాచిన వంశం లేదు, తీసిపారేయడానికి వేషమూ లేదు. శ్రమ కొన్నాళ్ళు భరించవలసిన వేషమనీ, పుట్టుకే అసలు ముఖమనీ ఆ కుర్రవాడు ఎవరూ చెప్పకుండానే నేర్చుకుంటాడు. (ఆడపిల్లకు ఈ కథల్లో ఆ మారువేషం కూడా దక్కలేదు.)

ఇదంతా వినోదమే, ఇంటికి పోగానే మరచిపోతారని కొందరు మిత్రులంటారు. మరచిపోతే తొడకొట్టడం బడి ఆవరణలోకి ఎలా వచ్చింది? తండ్రి ఏం చేస్తాడని అడిగితే తలవంచుకునే పిల్లలను నేను తరగతిలో చూస్తూనే ఉన్నాను. ఆ సిగ్గును పుట్టించింది సినిమా కాదు; కులమూ, లేమీ పుట్టించాయి. దాని నుంచి పారిపోవడానికి సినిమా ఒక దొడ్డిదారి చూపింది, తండ్రిని మరపించి వంశాన్ని అరువిచ్చింది.

ప్రజానాట్యమండలి రోజుల్లో నాజర్ బుర్రకథ విన్న కుర్రవాళ్ళూ అనుకరించినవారే. కాని 1947లో వచ్చిన ‘మా భూమి’ నాటకంలో రైతు వేషం కట్టే కుర్రవాడికి నమూనా తన ఇంట్లోనే, నాగలి పట్టుకుని ఉండేది.

ఇప్పుడు హాలు అరచేతిలోకి వచ్చింది. 2020 జూన్‌లో నిషేధించేదాకా టిక్‌టాక్‌లోనూ, తరువాత ఇన్‌స్టాగ్రామ్ రీల్స్‌లోనూ పల్లెపిల్లలు తామే నటులయ్యారు. ప్రేక్షకుడు నటుడు కావడం చిన్న మార్పు కాదు. దాన్ని వెక్కిరించేవారితో నేను గొంతు కలపను. అయితే పెదవులు పిల్లలవి, గొంతు మాత్రం చాలాసార్లు నాయకుడిదే.

ఈమధ్య నా విద్యార్థి ఒకడు తాను తీసిన వీడియో చూపించాడు. ఆటో వెనకసీటులోంచి తీసినది. అందులో పాట లేదు, నాయకుడి మాట లేదు. డీజిలు ఖర్చు పోగా ఆరోజు చేతిలో ఎంత మిగిలిందో తండ్రి లెక్క చెపుతున్నాడు, తన యాసలో, వెనక్కి తిరగకుండానే.