కాలమును కొలిచిన యాత్ర

భూమి విస్తీర్ణమును, సముద్రపు లోతును, హిమాలయ శిఖరముల ఎత్తును తెలిసికొనుటకు మానవుడు ఎన్నో యాత్రలు చేసెను. కాలమును పరీక్షించుటకే బయలుదేరిన యాత్ర యొకటి కలదని పెక్కుమంది యెఱుగరు.

1971 అక్టోబరు మాసమున జోసెఫ్ హాఫెలె, రిచర్డ్ కీటింగ్ అను ఇరువురు అమెరికా శాస్త్రజ్ఞులు నాలుగు సీజియం పరమాణు గడియారములను వెంటబెట్టుకొని, సామాన్య ప్రయాణికు లెక్కు విమానములలోనే భూగోళమును రెండు మారులు చుట్టివచ్చిరి. ఒకమారు తూర్పుగా, మఱియొకమారు పడమరగా వారి ప్రయాణము సాగెను. తిరిగివచ్చిన పిమ్మట వాషింగ్టను నగరమునందలి నౌకాదళ వేధశాలలో కదలక నిలిచియున్న గడియారములతో వానిని సరిచూచిరి. తూర్పుగా వెళ్లినవి సుమారు 59 నానోసెకండ్లు వెనుకబడెను. పడమరగా వెళ్లినవి సుమారు 273 నానోసెకండ్లు ముందునకు సాగెను. సెకండును నూఱు కోట్ల భాగములు చేసినచో అందొక భాగము నానోసెకండు. వేగమును బట్టియు, భూమ్యాకర్షణను బట్టియు కాలగతి మాఱునని ఐన్‌స్టీను చెప్పిన సిద్ధాంతమునకు ఈ ఫలితము అనుగుణముగ నుండెను. ఏ గడియారమును చెడిపోలేదు. దేని త్రోవలో దాని కాలము నడచినది.

ఇది వినగానే శ్రీమద్భాగవతము నవమస్కంధమునందలి కకుద్మి మహారాజు కథ భక్తులకు స్ఫురింపక మానదు. తన కుమార్తె రేవతికి తగిన వరు డెవ్వడో అడుగుటకై ఆయన బ్రహ్మలోకమున కేగెను. అచట గానము జరుగుచుండుటచే క్షణకాలము వేచియుండెను. అంతలో భూలోకమున ఇరువదియేడు మహాయుగములు గడచిపోయెను. పురాణమునందు భౌతికశాస్త్రమును వెదకుట మన ఉద్దేశము కాదు. ఆ కథ మనకు చెప్పునది వేఱు. రాజు కొందఱు వరులను మనస్సున ఎంచుకొని వెళ్లెను. వారే కాదు, వారి పుత్రపౌత్రుల పేరులు సైతము వినరాకుండ పోయెను. మనమును అట్లే ఎంచుకొనుచున్నాము. అమ్మాయి పెండ్లి కావలెను, అబ్బాయికి ఉద్యోగము రావలెను, ఇల్లు పూర్తి కావలెను, అటుపిమ్మట తీరికగా హరిని స్మరింతమని! ఆ తీరికను మనకు హామీ యిచ్చిన వా రెవ్వరు?

కాలమును కొలుచుట మనవారికి క్రొత్త కాదు. తృతీయస్కంధమున మైత్రేయమహర్షి విదురునకు పరమాణువు మొదలు బ్రహ్మాయువు వఱకు కాలమానమును వివరించెను. నేటి శాస్త్రజ్ఞులు 1967లో, సీజియం పరమాణువు ఆధారముగ, 919 కోట్ల 26 లక్షల 31 వేల 770 స్పందనముల కాలము ఒక సెకండని నిర్ణయించిరి. ఈ సూక్ష్మత మెచ్చదగినదే. ఐనను "నాకు మిగిలిన కాల మెంత?" యని అడిగినచో ఆ గడియారము మాఱు పలుకదు.

ఈ ప్రశ్నను దేవతలనే అడిగిన వాడు ఖట్వాంగ మహారాజు. అసురయుద్ధమున తనచే సాయము పొందిన దేవతలు వరము కోరుకొమ్మనగా, తన ఆయు వెంత మిగిలినదో చెప్పుడని ఆయన అడిగెను. ఒక్క ముహూర్తమే, అనగా నలువది యెనిమిది నిమిషములే, యని తెలిసెను. ఆయన దుఃఖింపలేదు, గడువు పెంచుమని ప్రాధేయపడలేదు. వెంటనే భూమికి దిగివచ్చి, సర్వమును విడిచి శ్రీహరియందు చిత్తమును నిలిపి తరించెను. ఏడు దినములు మాత్రమే మిగిలిన పరీక్షిత్తునకు శుకయోగి ఈ కథను చెప్పుటలోని ఆంతర్యము స్పష్టము. ముహూర్తము చాలిన చోట ఏడు దినములు తక్కువ కావు.

ఇచట నొక సందేహము కలుగును. ప్రతి ముహూర్తమును కడపటిదిగా నెంచినచో పొలము దున్నువా డెవడు? పిల్లలకు అన్నము వండు తల్లి యెవతె? సంసారము నడచు టెట్లు? ఈ సందేహము న్యాయమైనదే. ఖట్వాంగునకు గడువు తెలిసెను గావున విడువగలిగెను. మనకు తెలియదు గావున విడువరాదు, వాయిదా వేయనురాదు. సర్వకాలములందును తన్ను స్మరించుచునే స్వధర్మమైన యుద్ధమును చేయుమని గీతాచార్యుడు అర్జునునకు ఉపదేశించెను. స్మరణకు వేఱొక దినమును, పనికి వేఱొక దినమును ఆయన కేటాయింపలేదు. నాగలి పట్టిన చేతికి హరినామము బరువు కాదు.

స్వామి దర్శనమునకై బారులు తీరి నిలిచిన యాత్రికులను చూడుడు. ఒకడు మాటిమాటికి చేతి గడియారము చూచుకొని, కాలము వృథా యైనదని విసుగుకొనుచున్నాడు. వాని వెనుకనే యొక వృద్ధురాలు పెదవులు కదలించుచు నామస్మరణ చేయుచున్నది. వాషింగ్టనులో గడియారములు వేఱైనవి. ఇచట గడియారము ఒక్కటే, గంటలును అవే. ఐనను అతనికి పోయిన కాలము ఆమెకు దక్కినది.

కాలస్వరూపుడను తానేయని విశ్వరూప సందర్శన సమయమున భగవానుడు పలికెను. కాలము ఆయనదైనపుడు దానిని మన సొత్తుగా దాచుకొన జూచుట అవివేకము. నేడు లభించిన ముహూర్తమును నేడే ఆయన పాదములయందు సమర్పింతము గాక!