కర్మఫలం, ఫోలిక్ ఆమ్లం
పిండంలో మెదడుకూ వెన్నుపాముకూ మూలమైన గొట్టాన్ని నాడీనాళం అంటారు. ఫలదీకరణ జరిగిన సుమారు 28 రోజులలోపే మూసుకోవలసిన ఆ నాళం దిగువన తెరిచి ఉండిపోతే వెన్ను చీలిన స్పైనా బైఫిడా, ఎగువన తెరిచి ఉండిపోతే మెదడులో అధికభాగం ఏర్పడని అనెన్‌సెఫలీ సంభవిస్తాయి. తరచుగా తల్లికి గర్భం సంగతి తెలియకముందే ముగిసిపోయే ఈ ఘట్టానికి పూర్వజన్మ పాపాన్ని కారణంగా చూపే వాదం, అంతకుముందు ఇలాంటి బిడ్డను కన్న స్త్రీలు ఫోలిక్ ఆమ్లమనే బి విటమిన్‌ను గర్భధారణకు ముందునుంచే తీసుకుంటే ఆ లోపం పునరావృతం కావడం 72 శాతం తగ్గుతుందని 1991లో బ్రిటన్ వైద్య పరిశోధన మండలి ప్రచురించిన ఫలితం ముందు చిక్కులో పడుతుంది: అనుభవించక తప్పని కర్మఫలమైన ప్రారబ్ధం ఒక మాత్రతో ఎలా తప్పుతుంది? మాత్ర దొరకడమూ కర్మేనని కర్మవాది అనవచ్చు గాని, అన్నింటికీ సరిపోయే సమాధానం ఏ ఒక్కదానినీ వివరించదు. సంస్కృత మహాభారతంలోని అష్టావక్రుని కథ ఈ విషయంలో మరింత నిజాయితీ గలది. అక్కడ దేహపు వంకరలకు హేతువు శిశువు పాపం కాదు, గర్భంలోనుంచే తన అధ్యయనాన్ని తప్పుపట్టాడన్న తండ్రి కహోడుని ఆగ్రహం.